జలేషే పెద్ద చెరువుకు అడుగు తూము

అబూ హలీఫా, కువైట్
8 ఆగస్టు 2025

పరశురాంకు,

మొన్న నువ్వు ఫోన్ చేసినప్పుడు ఊ అని పెట్టేసినందుకు ఏమీ అనుకోకు. ఫోన్ చెవికి పెడితే నాకు మాట దొరకదు. కాగితం ముందు కూర్చుంటే కొంచెం దొరుకుతుంది. ఇది రాసి నవీద్‌కు ఇస్తాను. పక్క రూములో ఉండే కడప డ్రైవరు. ఫోటో తీసి నీ ఫోనుకు పంపుతాడు. నువ్వు కూడా కాగితం మీదే రాసి అట్లే పంపు. ఫోన్‌లో అక్షరాలు నాకు చీమల బారు లాగా కనిపిస్తాయి. నవీద్ దుకాణంలో పెద్దగా ప్రింటు తీయించి తెస్తానన్నాడు.

ఇక్కడ ఎండ తప్ప ఇబ్బంది లేదు. బిల్డింగు పని అదే. పొద్దున మోటారు వేసి పై ట్యాంకులు నింపుతాను. మెట్లు కడుగుతాను. కార్లు తుడుస్తాను.

నువ్వు పుట్టగొడుగుల షెడ్డు వదిలి చేపల చెరువుల పనికి మారినావని మీ అక్క చెప్పింది. ఏ ఊరు? ఎట్లుంది? జీతం సంగతి నాకు రాయకు, అది అక్కకు చెప్పు. నాకు ఊరి సంగతి కావాలి. చెరువుకు నీళ్లు ఎక్కడి నుంచి వస్తాయి, ఎటు పోతాయి, అది రాయి.

మీ బావ
హన్మాండ్లు


జలేషే, పోలండ్
17 ఆగస్టు 2025

బావా,

నీ ఉత్తరం చూసి ఇది నీదేనా అని రెండు సార్లు సంతకం చూసుకున్నాను. అక్కకు ఫోన్‌లో చదివి వినిపించాను. "ఆ మనిషి గిన్ని మాటలు రాసిండా? ఎవలతోనన్న రాయించిండు కావచ్చు" అన్నది. కాదక్కా, చేతిరాత బావదే అంటే, "మరి నాకెందుకు రాయడు?" అని నన్నే తిట్టింది. ఇక నువ్వూ ఆమె చూసుకోండి.

ఊరి పేరు జలేషే. అడవి అవతల అని అర్థమట. నిజంగానే అడవి దాటే దాకా ఊరు కనబడదు. ఒక్కటే వీధి. ఈ చివర చర్చి, ఆ చివర బస్సు ఆగే చోటు, మధ్యలో ముప్పై ఒక్క ఇల్లు. ఏ ఇంటి పొలం ఆ ఇంటి వెనుకే మొదలై, చీర ఆరేసినట్టు సన్నగా, పొడుగ్గా అడవి దాకా పోతుంది. ఇసుక నేల. ఆలుగడ్డలు పండిస్తారు. ఊరికి ఉత్తరాన అడవి అంచున మూడు చెరువులు, ఒకదాని కింద ఒకటి. అడవిలో పుట్టిన వాగు మొదటి దాంట్లోకి, అందులో నుంచి రెండో దాంట్లోకి, చివరికి పెద్ద దాంట్లోకి వస్తుంది. పెద్దది పన్నెండు ఎకరాలు ఉంటుంది.

యజమాని పేరు మారెక్, నలభై ఏండ్ల మనిషి. వాళ్ల ఆవిడ ఓలా పట్నంలో బడిపంతులమ్మ, ఇంగ్లీషు వస్తుంది. నా నోరు, నా చెవి ఆమెనే. మారెక్ నాయనమ్మ హెలీనా కూడా వాళ్లతోనే ఉంటుంది. ఎనభై నాలుగేండ్లు. ఇక్కడ నాయనమ్మను బాబ్చా అంటారు, నేనూ అట్లే పిలుస్తాను.

ఒక వింత సంగతి చెప్తాను. ఈ ఊళ్లో పాత కాపులు ఎవరు అని ఓలాను అడిగితే నవ్వింది. "ఎవ్వలు లేరు. అందరం వచ్చినోళ్లమే" అన్నది. పెద్ద యుద్ధం అయిపోయాక సరిహద్దులు జరిపారట. అంతకు ముందు ఇక్కడ ఉన్నవాళ్లు జర్మనీ మనుషులు. వాళ్లను పడమరకు పంపేశారు. తూర్పున తమ ఊళ్లు వేరే దేశంలో కలిసిపోయినవాళ్లను రైలెక్కించి తెచ్చి ఇక్కడ దింపారు. ఆవులతో సహా. 1946లో ఒక్క ఏడాదిలో ఊరికి ఊరే మారింది. ఇండ్లు అవే, చెట్లు అవే. మనుషులు వేరే.

నీకు ఇంకా ఏం కావాలి, అడుగు.

పరశురాం


అబూ హలీఫా
29 ఆగస్టు 2025

పరశురాంకు,

నీ ఉత్తరం నాలుగు సార్లు చదివాను. ప్రింటు మడతల దగ్గర చిరిగింది. నవీద్ అడిగాడు, "ఏంది పెద్దాయనా, లాటరీ గానీ తగిలిందా? పొద్దున్నుంచి ఆ కాగితం వదల్ల్యా" అని. మూడు చెరువులు అన్నాను. వాడికి అర్థం కాలేదు.

ఈ దేశంలో ఒక్క వాగు లేదు. పంతొమ్మిది ఏండ్ల నుంచి పైపులో నీళ్లే చూస్తున్నాను. సముద్రం నీళ్లను మరిగించి తీస్తారు. ఎటు వంపు ఉందని అడిగే పని లేదు. మోటారు వేస్తే పైకి పోతాయి, ఆపితే ఆగుతాయి.

మాది నీరటి ఇల్లని నీకు తెలుసు. మా తాత, మా నాయన, తర్వాత నేను. ఊరి చెరువు తూము తెరిచేది మేమే, మూసేది మేమే. ఎవరి మడికి ఎంత సేపు నీళ్లు పోవాలో మా నోటి మాట. ఊరు మానేరు ప్రాజెక్టు నీళ్ల కింద పోయినప్పుడు చెరువూ పోయింది. నేను అప్పటికే ఇక్కడ ఉన్నాను. ఆ సంగతి వదిలేయి.

అడిగేవి రాస్తున్నాను. కట్ట మట్టిదా, రాతిదా? కట్ట మీద చెట్లు ఉన్నాయా? నిండితే నీళ్లు పొర్లిపోయే మత్తడి ఎక్కడ? తూములు ఎట్లుంటాయి? పెద్ద చెరువుకు ఎన్ని? ఒక్కటే అని రాయకు. చేత్తో కట్టిన పన్నెండు ఎకరాల చెరువుకు ఒక్క తూము పెట్టరు. పైది వాడుకోవడానికి, అడుగుది ఖాళీ చేయడానికి. వెతికి చూసి రాయి.

1946కు ముందు అక్కడ నీరటి ఎవరు? ఆ ముసలమ్మను అడుగు.

మీ బావ
హన్మాండ్లు


జలేషే
14 సెప్టెంబరు 2025

బావా,

కట్ట మట్టిదే. మీద చెట్లున్నాయి, తిట్టకు, ఇక్కడ అందరూ పెంచుతారు. పెద్ద చెరువు కట్ట నడిమిట్ల ఒకటే పెద్ద ఓక్ చెట్టు, ఇద్దరు చేతులు చాపినా కౌగిలికి అందదు. మత్తడి ఇటుకలది, బస్సు రోడ్డు దిక్కు.

తూము మన తీరు కాదు. నీళ్లలో నిలువుగా ఒక డబ్బా ఉంటుంది. దానికి గాళ్లు, గాళ్లలో చెక్కలు ఒకదాని మీద ఒకటి. ఒక చెక్క తీస్తే జానెడు నీళ్లు దిగుతాయి. దాన్ని మ్నిహ్ అంటారు. అంటే సన్యాసి అట. నీళ్లలో ఒంటరిగా నిలబడి ఉంటుందని ఆ పేరు పెట్టారు కావచ్చు. పెద్ద చెరువుకు ఒక్కటే ఉంది, సిమెంటుది, రోడ్డు పక్కన. వెతికాను, రెండోది లేదు.

ఈ చెరువు కథ వేరే. యుద్ధం తర్వాత ప్రభుత్వ ఫారం వాళ్లు దీంట్లో బాతులు పెంచారు. సిమెంటు మ్నిహ్ కట్టింది వాళ్లే. తర్వాత ఫారం మూతబడి ముప్పై ఏండ్లు రెల్లు పెరిగింది. మారెక్ మూడేండ్లు కష్టపడి బాగు చేసి, కార్ప్ అనే చేప పిల్లలను వేశాడు. ఇక్కడ క్రిస్మస్ ముందు రాత్రి ప్రతి ఇంట్లో ఆ చేప ఉండాల్సిందే. చెరువు ఖాళీ చేస్తేనే చేప చేతికొస్తుంది. ఈ అక్టోబరులో మొదటి పట్టు.

బాబ్చాను అడిగాను. ఆమె వచ్చినప్పుడు అయిదేండ్ల పిల్ల. వీళ్లు వచ్చేసరికి జర్మనీ వాళ్లు ఇంకా పోలేదట. మూడు నెలలు ఒకే ఇంట్లో ఉన్నారు. ముందు గదిలో వీళ్లు, వెనుక గదిలో వాళ్లు, ఒకటే పొయ్యి. ఒకరి మాట ఒకరికి రాదు. ఆ ఇంటి ముసలాయన రోజూ పొద్దున పొడుగు కర్ర పట్టుకొని చెరువు కాడికి పోయేవాడట, ఈమె వెనకాల ఉరికేదట. ఒక రోజు బండి వచ్చింది, వాళ్లు పోయారు. కర్ర వాకిట్లోనే ఉండిపోయింది. బాబ్చా వాళ్ల అమ్మ పదేండ్లు బట్టల పెట్టె విప్పలేదట. "మళ్ల ఇక్కడికెళ్లి లేపుతరేమోనని భయం" అన్నది.

ఇంకొకటి చెప్పాలి, తిట్టొద్దు. నువ్వు అడిగినవన్నీ నేను మారెక్‌ను అడుగుతుంటే, ఎవరికోసం అని అడిగాడు. మా బావ కువైట్‌లో నీళ్ల ఇంజినీరు అని చెప్పాను.

పరశురాం


అబూ హలీఫా
20 సెప్టెంబరు 2025

పరశురాంకు,

ఇంజినీరా? నేను ఈ బిల్డింగు కాపలా చూసే హారిస్‌ను. నా చేతిలో ఉన్నది మెట్లు కడిగే చీపురు. ఏడో తరగతి దాటలేదు. ఆ మాట వెనక్కు తీసుకో. నాకు నిన్న అన్నం పోలేదు. ఆ మారెక్ రేపు ఏమన్నా అడిగితే నేనేం చెప్తాను?

ఆ పెట్టె సంగతి నాకు అర్థమైంది. మీ అక్క కొత్త కాలనీకి వచ్చి ఏడేండ్లు. పాత ఇంటి తలుపు చెక్కలు ఇంకా గోడకు ఆనించి పెట్టుకున్నదని చెప్పావు కదా.

ఆ ముసలాయన నీరటే. పేరు ఏదైనా కానీ. పొద్దున్నే కర్ర పట్టుకొని చెరువు కాడికి పోయేవాడు ఇంకెవరు?

చెరువు దించేటప్పుడు ఏ రోజు ఎంత దిగింది రాయి. సిమెంటుది రోడ్డు పక్కన ఉందని రాశావు. నాకు అది నచ్చలేదు. లారీ వచ్చే చోట కట్టారు. నీళ్లు లారీని చూసి రావు.

మీ బావ
హన్మాండ్లు


జలేషే
5 అక్టోబరు 2025

బావా,

నువ్వు అన్నట్టే అయింది. పది రోజుల కింద చెక్కలు తీయడం మొదలు పెట్టాం. రోజుకు జానెడు. ఎనిమిదో రోజుకు ఆఖరి చెక్క కూడా తీసేశాం. నీళ్లు నా నడుము దాకా ఉన్నాయి, ఇక దిగవు. సిమెంటు మ్నిహ్ అడుగు చెరువు అడుగు కన్నా ఎత్తులో ఉంది. బాతులకు అడుగు నీళ్లతో ఏం పని, అందుకే ఆ ఫారం వాళ్లు పట్టించుకోలేదు. మోటారు పెట్టి తోడితే రెల్లు వేర్లు వచ్చి రెండు సార్లు కాలిపోయింది. పైగా అడుగున ఊటలున్నాయి, తోడినంత ఊరుతుంది. చేప పన్నెండు ఎకరాలంతా చెదిరి ఉంది, వల వేస్తే బురదలో దూరుతుంది.

నవంబరు పదో తారీఖు చేపల లారీ వస్తుంది. ఆ తర్వాత ఎప్పుడైనా గడ్డ కట్టొచ్చు. అప్పటిలోగా దిగకపోతే చెరువులు మూడూ పట్నం కంపెనీకి ఇచ్చేస్తానని మారెక్ అంటున్నాడు. వాళ్లు మనుషులను వాళ్లే తెచ్చుకుంటారు. నా పర్మిట్ మారెక్ పేరు మీద ఉంది. చెరువు పోతే నేనూ పోతాను. యాభైలో పడ్డాను బావా, ఇంకో దేశం వెతుక్కునే ఓపిక లేదు.

ఇంజినీరు మాట నేను వెనక్కు తీసుకోలేదు. మారెక్ రోజూ అడుగుతున్నాడు, "మీ బావ ఏమన్నడు?" అని. ఏమని చెప్పాలి?

పరశురాం


అబూ హలీఫా
9 అక్టోబరు 2025

పరశురాంకు,

తీరిగ్గా చదువు. ఓలాకు చెప్పే ముందు నువ్వు రెండు సార్లు చదువు.

నిన్న సెలవు కాకున్నా శుక్రవారం లాగా ఉండింది నాకు. నవీద్‌కు డ్యూటీ లేదు. "పెద్దాయనా, ఆ ఊరు చూపిస్తా ఉండు" అని ఫోన్‌లో పటం తెరిచాడు. ఆకాశం నుంచి తీసిన బొమ్మ. వేళ్లతో జరిపితే దగ్గరికి వస్తుంది. నీ జలేషే కనిపించింది. ఒకటే వీధి. చీర ఆరేసినట్టు పొలాలు. మూడు చెరువులు. గద్ద చూసినట్టు చూశాను. మా నాయన బతికినన్నాళ్లు చెరువు చుట్టూ నడిచాడు, ఒక్కసారి కూడా ఇట్లా చూడలేదు.

వాగు ఎట్లా వస్తుందో తెలిసింది. రెండో చెరువు దాటి పాము లాగా మెలిక తిరిగి పెద్ద చెరువులో మాయమవుతుంది. కట్ట అవతల పొలాల్లో నీళ్లు లేవు కానీ సన్నగా ఒక ముదురు పచ్చ గీత ఉంది. నేల మీద నిలబడితే గడ్డిలో కలిసిపోతుంది, నీకు కనబడదు. అది పాత వాగు నడిచిన దారి. ఆ గీతను, పై వాగును వేలుతో కలిపాను. కట్టను దాటే చోటు దొరికింది. వాగు నడిచిన చోటే చెరువుకు అన్నిటికన్నా లోతు. అడుగు తూము అక్కడే పెడతారు. మా ఊళ్లో అట్లే, అక్కడా అట్లే. వంపు దేశాన్ని బట్టి మారదు.

నవీద్ ఆ చోట గుర్తు పెట్టి పంపుతానన్నాడు. వద్దన్నాను. మా ఇంట్లో తూము చోటు కట్ట మీద నిలబడి నోటితో చెప్తారు, అదే పద్ధతి. ఓక్ చెట్టుకు వీపు ఆనించి నిలబడు. అక్కడ నుంచి కుడి చేతికి నలభై అంగలు వేయి. అక్కడ చెరువు లోపల, కట్ట మొదట్లో పొడుగు ఇనుప కడ్డీతో గుచ్చు. బురద అయితే చప్పుడు రాదు. రాయి అయితే టక్కుమంటుంది. చెక్క అయితే డుబ్బుమంటుంది. డుబ్బుమన్న చోట నీళ్లలో దిగి తవ్వు.

దొరికితే గుంజకు. నాకు రాయి.

మీ బావ
హన్మాండ్లు


జలేషే
16 అక్టోబరు 2025

బావా,

నలభై అంగలు వేశాం. రెండు రోజులు గుచ్చాం, రెండు రోజులు తవ్వాం. చుట్టూ పది అంగల దాకా వదల్లేదు. బురద, దాని కింద బంక మన్ను, దాని కింద ఇంకా బంక మన్ను. డుబ్బు లేదు, టక్కు కూడా లేదు. నా చేతులు బొబ్బలెక్కినాయి.

మారెక్ నిన్నటి దాకా మాతోనే తవ్వాడు. ఈ రోజు అన్నాడు. "మీ ఇంజినీరు బావకు చెప్పు, కువైట్‌ల తవ్వుకొమ్మని" అన్నాడు. ఓలా ఆ మాట నాకు చెప్పనన్నది. నేనే బతిమిలాడి చెప్పించుకున్నాను. కంపెనీ వాళ్లు సోమవారం చెరువులు చూడడానికి వస్తున్నారు.

నిన్ను అనడం లేదు. పొరపాటు నాదే. ఎక్కడో కువైట్‌లో కూర్చున్న మనిషికి ఇక్కడి బురద ఎట్లా తెలుస్తుంది?

పరశురాం


అబూ హలీఫా
17 అక్టోబరు 2025

పరశురాం,

ఒక్కటే అడుగుతాను. ఓక్ చెట్టుకు వీపు ఆనించినప్పుడు నీ ముఖం ఎటు ఉంది?

హన్మాండ్లు


జలేషే
17 అక్టోబరు, మధ్యాహ్నం

పొలాల వైపు. కట్ట మీద నిలబడితే ఎవడైనా అటే చూస్తాడు కదా.

పరశురాం


అబూ హలీఫా
17 అక్టోబరు

తప్పు నాదే. నువ్వు సేద్యం ఇంటి బిడ్డవు, కట్ట ఎక్కితే పొలం చూస్తావు. నీరటి నీళ్లనే చూస్తాడు. మా ఇంట్లో కుడి చెయ్యి అంటే నీళ్ల వైపు చూసినప్పటి కుడి చెయ్యి. ఇది చెప్పాలని నాకు తోచలేదు. ఎందుకంటే మాకు ఎవరూ చెప్పలేదు, పుట్టినప్పటి నుంచి అంతే.

తిరుగు. నలభై అంగలు.

దొరికినాక ఈ వరుస తప్పకు. ముందు కట్ట అవతలికి పో. తూము మూతి అక్కడ గడ్డి కింద ఉంటుంది. అది తవ్వి తీయి. అక్కడ నుంచి పచ్చ గీత వెంట పాత కాలువ తోడు. నీళ్లకు దారి ఇవ్వకుండా బిరడా తీస్తే నీళ్లు కట్టను తింటాయి. మూతికి జాలి కట్టు, లేకపోతే చేపలు పొలాలకు పోతాయి. బిరడాను గుంజకు. ట్రాక్టరు కట్టకు. ఒక రోజంతా కొంచెం కొంచెం తిప్పు. ఎనభై ఏండ్లు నిద్రపోయింది, మెల్లగా లేపాలి.

నవీద్ ఇది నిలబడే ఫోటో తీస్తున్నాడు. "తొందరగా సంతకం పెట్టు సామీ" అంటున్నాడు.

హన్మాండ్లు


జలేషే
2 నవంబరు 2025

బావా,

ఎక్కడ నుంచి మొదలు పెట్టాలో తెలియడం లేదు. వరుసగా రాస్తాను.

నీ కాగితం వచ్చేసరికి మారెక్ గడ్డపారలు షెడ్డులో పెట్టి తాళం వేస్తున్నాడు. నేను చదివి చెప్తే ఓలా మారెక్‌కు వివరించింది. మారెక్ నమ్మలేదు. "మొన్న కుడి, ఇయ్యాల ఎడమ, రేపు ఆకాశం అంటడు" అన్నాడు. అప్పటికే బాబ్చా కర్ర పట్టుకొని కట్ట మీదికి బయలుదేరింది. ఆమె నడిచే తీరుకు అర గంట పట్టింది. నేను ఓక్ చెట్టుకు వీపు ఆనించి, నీళ్ల వైపు తిరిగి నిలబడ్డాను. బాబ్చా నన్ను చూసి ఆగిపోయింది. ఓలా చేయి పట్టుకొని ఏదో అన్నది. ఓలా నాకు చెప్పింది, "ఆ ముసలాయన గూడ గిట్లనే నిలవడేటోడట. ఊరికి వీపు పెట్టి."

మారెక్ పోయి తాళం తీశాడు.

నలభై అంగలు. పోయినసారి తవ్విన చోటుకు సరిగ్గా అవతలి దిక్కు. కడ్డీ నేనే గుచ్చాను. మొదటిసారి బురద. రెండోసారి బురద. ఇంకో రెండు అంగలు పక్కకు జరిగి గుచ్చితే, బావా, డుబ్బుమన్నది. నా మోచేతుల దాకా తెలిసింది. మారెక్ కడ్డీ గుంజుకొని తానూ గుచ్చాడు. ఓలా గుచ్చింది. నలుగురం వంతులేసుకొని, బాబ్చాతో సహా, ఆ చెక్కను పది సార్లు కొట్టి ఉంటాం. పిల్లల లాగా.

తవ్వితే నల్లటి దుంగ మొండెం, నువ్వు రాసిన బిరడా అదే. పైన విరిగిపోయింది కానీ కింద రాయి లాగా గట్టిగా ఉంది. ఓక్ చెక్క నీళ్లలో ఉంటే చెడదట. అక్కడే ఆగాం. సోమవారం కంపెనీ మనుషులు ఇద్దరు వస్తే మారెక్ వాళ్లకు కాఫీ పోసి, చెరువులు ఇచ్చే ఆలోచన లేదని పంపేశాడు. అప్పటికి ఇంకా చుక్క నీరు కదల్లేదు. నాకు ఒకటే ఆలోచన, ఇంత నమ్మాడు, రేపు నీళ్లు రాకపోతే ఏంటి గతి అని.

అవతల మూతి దొరకడానికి మూడు రోజులు పట్టింది. గడ్డి కింద చేయంత లోతున. ఓక్ దుంగను నిలువునా తొలిచి చేసిన గొట్టం. కాలువ తోడడానికి ఊరు వచ్చింది. నేను ఇంత వరకు పలకరించని మనుషులు పారలు పట్టుకొని వచ్చారు. పాస్టరు... కాదు, ఇక్కడ ఫాదర్ అనాలి, ఆయన కూడా బూట్లు వేసుకొని వచ్చాడు. జాలి కట్టాం. ఇరవై ఎనిమిదో తారీఖు పొద్దున బిరడా తిప్పడం మొదలు పెట్టాం. మధ్యాహ్నం దాకా ఏమీ లేదు. మారెక్ ట్రాక్టరు తెస్తానన్నాడు. "మా బావ వద్దన్నడు" అన్నాను. ఓలా అవసరం లేకుండానే అర్థం చేసుకున్నాడు.

మూడు గంటలకు అది మూలిగింది. నిజంగా మూలిగింది. అందరం అవతలికి ఉరికాం. ముందు గొట్టం దగ్గింది. తర్వాత నల్లటి బురద, పేస్టు లాగా. తర్వాత ఆగిపోయింది. మళ్లీ దగ్గి, ఒక్కసారిగా నీళ్లు. కాలువలో పడి, నువ్వు చెప్పిన పచ్చ గీత వెంట, ఎవరో దారి చూపినట్టు మెలిక తిరుగుతూ పోయాయి. ఊరి వాళ్లకు తమ పొలాల నడిమిట్ల వాగు ఉండేదని ఆ రోజు తెలిసింది.

నాలుగు రోజుల్లో చెరువు దిగింది. చేపలన్నీ గొట్టం ముందు గుంతలోకి వచ్చి చేరాయి. చేత్తో తీసుకున్నట్టు తీసుకోవచ్చు. పదో తారీఖునే పడతాం, లారీ తారీఖు మారలేదు. నా పర్మిట్ కాగితాల మీద మారెక్ నిన్న సంతకం పెట్టాడు. సంతకం పెడుతూ నీకు చెప్పమన్నాడు, కువైట్‌లో తవ్వుకొమ్మన్న మాటకు తప్పయిందని.

నిన్న ఇక్కడ చనిపోయినవాళ్లను తలుచుకునే రోజు. అందరూ సమాధుల మీద దీపాలు పెడతారు. బాబ్చా తన వాళ్లకు పెట్టి, స్మశానం మూలన గడ్డిలో ఉన్న పాత జర్మనీ రాళ్ల దగ్గరికి పోయింది. ఏ రాయి ఎవరిదో ఆమెకు తెలియదు. అయినా ఒక దీపం పెట్టింది.

మారెక్‌కు ఇప్పుడు ఒకటే దిగులు. ఎండాకాలం ముందు మళ్లీ నింపాలి. కొత్త బిరడా ఎట్లా చేయాలి, ఎప్పుడు మూయాలి, ఎవరికీ తెలియదు. రాస్తావా?

పరశురాం


అబూ హలీఫా
14 నవంబరు 2025

పరశురాంకు,

నీ ఉత్తరం నవీద్ చేత పైకి చదివించుకున్నాను. నా కండ్లు సరిగ్గా ఆనలేదు. దగ్గింది అన్న చోట వాడే ఆగి, "ఆ తరువాత?" అని నన్ను అడిగాడు. కాగితం వాడి చేతిలోనే ఉంది.

మారెక్‌కు చెప్పు, ఆయన అన్నదాంట్లో తప్పేం లేదు. రెండు రోజులు అనవసరంగా తవ్వించాను. నేను ఇంజినీరును కాదని కూడా చెప్పు. ఈసారి నిజంగా చెప్పు. నీరటి అంటే ఏంటో ఓలాకు వివరించు.

బిరడా సంగతి ఎనిమిది పేజీలు విడిగా రాసి పెట్టాను. కర్ర ఏది కావాలి, ఎంత ఆరాలి, చుట్టూ గుడ్డ ఎట్లా చుట్టాలి, మొదటి నీళ్లు ఎంత మెల్లగా రానివ్వాలి, అన్నీ. నవీద్ పేజీ పేజీకి ఫోటో తీస్తాడు. నువ్వు ఒక్కడివే నేర్చుకోకు. ఓలాకు నేర్పు, మారెక్‌కు నేర్పు, ఆ ఊరి వాళ్లు ఎవరు అడిగితే వాళ్లకు నేర్పు. జర్మనీ ముసలాయన మూడు నెలలు వాళ్లతో ఒకే పొయ్యి మీద వండుకున్నాడు. చెప్పాలనే ఉండి ఉంటుంది. భాష లేదు. నాకు భాష ఉండి కూడా ఎవరికీ చెప్పలేదు.

మొన్న శుక్రవారం పొద్దున నవీద్ ఫోన్ తెచ్చి, "ఇప్పుడు మీ ఊరు చూద్దామా పెద్దాయనా?" అన్నాడు. వద్దన్నాను. కొంత సేపటికి నేనే చూపించమన్నాను. మానేరు అంతా నీలం. ఊరు లేదు, చెరువు లేదు. ఒడ్డున రోడ్డు ముక్క ఒకటి వచ్చి నీళ్లలో దిగిపోతుంది. నవీద్ ఫోన్ తీసుకోబోయాడు.

ఆగమన్నాను. ఆ రోడ్డు ముక్క నాకు తెలుసు. దాని నుంచి వేలు జరిపాను. ఇది బడి అన్నాను. ఇది మత్తడి. ఇది కట్ట. ఇక్కడ అడుగు తూము.

"అంతా నీళ్లే కదా సామీ, ఎట్ల తెలుస్తాది నీకు?" అన్నాడు.

చెప్పడం మొదలు పెట్టాను. మా తాత దగ్గర నుంచి చెప్పాను. వర్షం పడ్డ రాత్రి మా నాయన తూము మీద చెవి పెట్టి వినేది చెప్పాను. ఏ మడి ఎవరిది, ఎవరు నీళ్ల దొంగ, ఎవరి పెండ్లాం పార పట్టుకొని మా ఇంటి మీదికి వచ్చింది, అన్నీ. చాయ్ చల్లారింది. మళ్లీ పెట్టుకున్నాం. అదీ చల్లారింది.

నవీద్‌కు పది గంటలకు డ్యూటీ. పదకొండున్నరకు బయలుదేరాడు. వాళ్ల మామా, అంటే వాడి యజమానురాలు, ఫోన్ చేసి అరబ్బీలో తిడుతుంటే, మెట్లు దిగుతూ కూడా నన్ను అడిగాడు, ఆ పారతో వచ్చినామెకు చివరికి నీళ్లు ఇచ్చినావా లేదా అని.

మీ అక్కకు కూడా ఒక ఉత్తరం రాస్తున్నాను. ఇంకా అయిపోలేదు.

మీ బావ
హన్మాండ్లు